మూడు తాళాల పెట్టె ఉన్న ఊరు

మొదటి రోజు: డంఫ్రీస్

ముప్పై ఒక్క సంవత్సరాలు నెల్లూరు జిల్లా పోస్టాఫీసుల్లో పనిచేసి, అందులో సగానికి పైగా సేవింగ్స్ బ్యాంకు కౌంటరు దగ్గరే గడిపిన నాకు పదవీ విరమణ తరువాత ఒక కోరిక మిగిలిపోయింది. పాసుబుక్కులో జమ రాసి, తేదీ ముద్ర వేసి, కిటికీలోంచి తిరిగి అందించే ఈ పని ఏ ఊళ్లో, ఏ పాస్టరుగారి ఆలోచనతో నిలదొక్కుకుందో ఆ ఊరికి వెళ్లి కళ్లారా చూడాలన్నదే ఆ కోరిక. మాంచెస్టరులో ఉంటున్న మా అమ్మాయి ఈ మే నెల చివర ఐదు రోజులు సెలవు పెట్టి, "నాన్నా, కోటలూ సరస్సులూ తరువాత చూద్దాం, ముందు మీ పాస్టరుగారి ఊరికే వెళ్దాం" అని బయలుదేరదీసింది.

కార్లైల్‌లో రైలు మారి, ఇంగ్లండు సరిహద్దు దాటి, గ్రెట్నా గ్రీన్, ఆనన్ స్టేషన్ల మీదుగా మధ్యాహ్నానికి స్కాట్లండు నైరుతి మూలన ఉన్న డంఫ్రీస్ చేరుకున్నాము. నిత్ నది ఒడ్డున ఎర్ర ఇసుకరాతితో కట్టిన ఊరు ఇది. ఇళ్లు, చర్చీలు, వంతెన పక్క గోడలు అన్నీ తడిసిన ఇటుకల రంగులో కనిపిస్తాయి. పాత సేవింగ్స్ బ్యాంకు భవనం మీద ఉన్న రాతి విగ్రహాన్ని వెతుక్కుంటూ మొదట అక్కడికే వెళ్లాము. ఆ విగ్రహం రెవరెండ్ హెన్రీ డంకన్‌ది. స్కాట్లండు జాతీయ చర్చి ప్రెస్బిటేరియన్ చర్చి. అందులో బిషప్పులు ఉండరు. పాస్టర్లూ, సంఘపెద్దలూ కలిసి కూర్చుండే సభలే పాలన సాగిస్తాయి. ఆ చర్చిలో డంకన్ ఒకే పల్లె సంఘానికి 1799 నుంచి 1843 వరకు, నలభై నాలుగేళ్లు కాపరిగా ఉన్నారు. కింద నిలబడి తలెత్తి చూస్తుంటే, నా ఉద్యోగంలో ప్రతి మూడు నాలుగేళ్లకూ వచ్చిన బదిలీ ఉత్తర్వులు గుర్తుకు వచ్చాయి. ఒక ఊరి మనుషులను తెలుసుకోవడానికి ఎన్నేళ్లు పడుతుందో బదిలీల మీద తిరిగినవాడికి బాగా తెలుస్తుంది.

సాయంత్రం గుట్ట మీది డంఫ్రీస్ మ్యూజియానికి వెళ్లాము. పాత గాలిమర గోపురంలో ఏర్పాటు చేసిన ఈ మ్యూజియంలో నన్ను ఆపింది ఒక ఎర్ర రాతి పలక. దాని మీద ఏదో జంతువు తడి ఇసుకలో నడిచి వెళ్లినట్లుగా అడుగులు వరుసగా ఉన్నాయి. లాక్‌మేబెన్ సమీపంలోని కార్న్‌కాకిల్ గనిలో ఇటువంటి పలకలు దొరుకుతున్నాయని తెలిసి, వాటిని మొదటగా శాస్త్రీయంగా వర్ణించినవారు డంకన్. 1828లో ఎడింబరో రాయల్ సొసైటీలో ఆయన పత్రం చదివారు. అంతకుముందు ఆయన పంపిన అచ్చులను చూసి ఆక్స్‌ఫర్డులోని భూగర్భ శాస్త్రవేత్త విలియం బక్లండ్ మొదట నమ్మలేదు. తరువాత పిండి ముద్ద పరిచి, దాని మీద తాబేలును నడిపించి, ఆ గుర్తులను అచ్చులతో పోల్చి చూసి ఒప్పుకున్నారు. పలక మీద వేలు పెట్టవచ్చునో లేదో తెలియక చెయ్యి దగ్గరగా మాత్రం తీసుకువెళ్లాను. మడమ దగ్గర ఇసుక వెనక్కు జారి చిన్న కట్టలా పోగుపడి ఉంది. ఎత్తు ఎక్కే జంతువు కాలికి బలం ఎక్కడ పట్టిందో ఆ కట్ట చెబుతోంది. సంఘంలోని రోగులను పరామర్శించి, ఆదివారం ప్రసంగం రాసుకుని, అణా పైసల లెక్కలు చూసుకునే మనిషికి ఈ కట్టను గమనించే తీరిక ఎలా చిక్కిందో నాకు అంతుపట్టలేదు. ఆయనకు కానుకగా వచ్చిన ఒక పలకను తన తోటలోని చిన్న విశ్రాంతి గది గోడలో అమర్చుకున్నారట.

రెండవ రోజు: లాక్‌రటన్

డంఫ్రీస్‌కు పడమర దిక్కున కొద్ది మైళ్ల దూరంలో లాక్‌రటన్ ఉంది. పచ్చిక గుట్టలు, గొర్రెలు, ఒక చిన్న చెరువు, ఒక చర్చి. హెన్రీ డంకన్ 1774లో ఇక్కడి పాస్టరుగారి ఇంట్లో పుట్టారు. తండ్రి జార్జి డంకన్ ఈ సంఘానికి కాపరి. ఇప్పుడున్న చర్చి 1819లో కట్టినది కనుక ఆయన బాల్యం నాటి గోడలు ఇక్కడ లేవు. గంటసేపు నడిచి తిరిగి వచ్చేశాము.

దారిలో అమ్మాయికి చెప్పిన సంగతి మాత్రం ఇక్కడ రాయాలి. చదువు మధ్యలో తండ్రి ఆయనను లివర్‌పూల్‌లో హేవుడ్ బ్యాంకులో పనికి పెట్టారు. మూడేళ్లు అక్కడ పద్దులు రాసి, ఆ జీవితం తనకు సరిపడదని తేల్చుకుని, ఎడింబరో, గ్లాస్గో విశ్వవిద్యాలయాలలో చదివి పాస్టరు అయ్యారు. మా ఆఫీసులో పద్దు రాయడం రానివాడికి దయ ఎంత ఉన్నా కౌంటరులో కూర్చోబెట్టేవారు కాదు. ఆ మూడేళ్లు వృథా అని అప్పట్లో ఎవరైనా అనుకుని ఉంటే వారు పొరపడ్డారు. ఉపకారబుద్ధి గల కాపరులు ఆ దేశంలో ఎందరో ఉన్నారు. వడ్డీ లెక్క తెలిసిన కాపరి కావడం వల్లనే ఆయన చేసిన పని నిలిచింది.

ఆయనకు లాక్‌మేబెన్, రుత్‌వెల్ అనే రెండు సంఘాలలో ఒకటి ఎంచుకునే అవకాశం వచ్చింది. చిన్నదైన రుత్‌వెల్‌నే కోరుకున్నారు.

మూడవ రోజు: రుత్‌వెల్, పొదుపు ఇల్లు

డంఫ్రీస్ నుంచి ఆగ్నేయంగా, సాల్వే సముద్రపాయ ఒడ్డు వెంబడి పది మైళ్లు ప్రయాణిస్తే రుత్‌వెల్ వస్తుంది. స్థానికులు ఈ పేరును "రివ్వెల్" అని పలుకుతారు. ఒకే వీధి, ఇరువైపులా సున్నం వేసిన తక్కువ ఎత్తు ఇళ్లు. వాటిలో ఒకటి ఇప్పుడు సేవింగ్స్ బ్యాంకుల మ్యూజియం. 1810లో డంకన్ పొదుపు బ్యాంకు తెరిచింది ఈ ఇంట్లోనే.

ఆయన ఇక్కడికి వచ్చేసరికి ఈ ప్రాంతం కరవు పొలిమేరల్లో ఉంది. పంటలు దెబ్బతిన్న ఆ తొలి సంవత్సరాలలో లివర్‌పూల్‌లోని తన సోదరుల ద్వారా ఓడలో మొక్కజొన్న తెప్పించి, కొన్న ధరకే ఊరివారికి అమ్మారు. చేతిలో డబ్బు లేనివారికి అరువు ఇచ్చారు. స్త్రీలకు వడకడానికి అవిసెనార తెప్పించి ఇచ్చారు. ఊరి పాత సహాయక సంఘాన్ని మళ్లీ నిలబెట్టారు. 1809లో డంఫ్రీస్‌లో ఒక వారపత్రిక స్థాపించారు. ఉచితంగా పంచిపెట్టకుండా కొన్న ధరకు అమ్మడంలో ఆయన స్వభావం కనిపిస్తుంది. చేయి చాచవలసి వచ్చినవాడి మనసులో ఏదో విరుగుతుందని ఆయన బలంగా నమ్మారు. ఇంగ్లండులో మాదిరిగా పేదల కోసం పన్ను విధించి పంచే పద్ధతి స్కాట్లండుకు రాకూడదని వాదించారు. ఈ వాదనతో నేను పూర్తిగా ఏకీభవించను. పని దొరకనివాడికీ, మంచం పట్టినవాడికీ పొదుపు చేసుకోమని చెప్పి ప్రయోజనం లేదు. అయితే ఆయన వాదించి ఊరుకోలేదు. రెండో దారి ఏమిటో తన ఊళ్లోనే చేసి చూపించారు.

ఆనాటి బ్యాంకుల్లో ఖాతా తెరవాలంటే పది పౌండ్లు ఉండాలి. పొలం కూలీకి, పనిమనిషికి అది చూడగలిగిన మొత్తం కాదు. జాన్ బోన్ అనే ఆయన రాసిన ఒక ప్రతిపాదనను చదివిన డంకన్, అందులోని చిక్కుముడులు తీసేసి, పల్లెకు సరిపోయే పద్ధతి తయారు చేసుకున్నారు. ఆరు పెన్నీలతోనైనా జమ మొదలుపెట్టవచ్చు. ఊరివారి చిల్లరంతా కలిపి డంఫ్రీస్‌లోని బ్రిటిష్ లినెన్ కంపెనీ బ్యాంకులో వేస్తే ఐదు శాతం వడ్డీ వస్తుంది. అందులో నాలుగు ఖాతాదారులకు ఇచ్చి, మిగిలిన దానితో ఖర్చులు గడుపుకోవాలి. ఇంగ్లండులో ఇటువంటి ప్రయత్నాలు అంతకుముందే కొన్ని జరిగాయి. వెండోవర్‌లో జోసెఫ్ స్మిత్, టాటెన్‌హామ్‌లో ప్రిసిల్లా వేక్‌ఫీల్డ్ చేసినవి వాటిలో ముఖ్యమైనవి. అవి దాతల చేతి చలువ మీద నడిచాయి. రుత్‌వెల్ బ్యాంకు ఎవరి దానమూ లేకుండా తన వడ్డీ మీద తాను బతికింది కనుకనే మరో ఊరు దాన్ని చూసి అలాగే పెట్టుకోగలిగింది. మొదటి ఏడాది జమ 151 పౌండ్లు. నాలుగో ఏడాదికి 922 పౌండ్లు.

ఆ గదిలో ఒక చెక్కపెట్టె ఉంది. దాన్ని ఇక్కడివారు "కిస్ట్" అంటారు. దానికి మూడు తాళాలు. మూడు చెవులూ ముగ్గురు వేరువేరు మనుషుల దగ్గర ఉండేవి. ముగ్గురూ ఒకచోట చేరితే తప్ప పెట్టె తెరుచుకోదు. కొలతకు చిన్నదే, మన ఇళ్లలోని పాత భోషాణంలో నాలుగోవంతు కూడా ఉండదు. తాళపు రంధ్రాల చుట్టూ చెక్క చెవుల రాపిడికి నున్నబడి, నల్లబడి ఉంది. నేను అక్కడే చాలాసేపు నిలబడిపోయాను. మా ఆఫీసులో ఇనుప పెట్టెకు రెండు చెవులు, ఒకటి నా దగ్గర, ఒకటి ట్రెజరరు దగ్గర ఉండేవి; ఇద్దరం కలిస్తే తప్ప ఉదయం నగదు బయటికి వచ్చేది కాదు. ఆ నియమాన్ని విసుక్కున్న రోజులు ఉన్నాయి. పాస్టరుగారు తన మాటే చాలునని అనకుండా, తన మీద కూడా రెండు తాళాలు వేయించుకున్న ఈ పెట్టెను చూశాక ఆ విసుగు తలచుకుంటే సిగ్గు వేసింది.

నియమాలన్నీ మెచ్చదగినవి కావు. ఏడాదికి కనీసం నాలుగు షిల్లింగులు జమ చేయనివారికి జరిమానా ఉండేది. ఖాతా కోరినవారి వయసు, కుటుంబ స్థితి, నడవడిక విచారించాకే చేర్చుకునేవారు. మా కౌంటరులో ఎవరి నడవడికా అడిగిన పాపాన పోలేదు, అడగకూడదు కూడా. కానీ పెళ్లి ఖర్చుకో, ముసలితనానికో, జబ్బుకో డబ్బు తీసుకునే పాత ఖాతాదారుకు నాలుగుకు బదులు ఐదు శాతం ఇవ్వాలన్న నియమం చదివినప్పుడు, ఆ నియమం రాసిన చేయి ఏ ఇళ్లలోకి వెళ్లి వచ్చిందో తెలిసింది.

మాకు ఒక ఖాతాదారు ఉండేది. పేరు రాయను. రొయ్యల చెరువుల మీద కూలికి వెళ్లే పెద్దావిడ. కొంగుముడి విప్పి, తడి అంటుకున్న నోట్లు కౌంటరు మీద పరిచి, జమ వేశాక పాసుబుక్కు వెనక్కు ఇవ్వబోతే తీసుకునేది కాదు. "అయ్యా, మొత్తం ఎంతయిందో ఒక్కసారి చదివి చెప్పు" అనేది. చదివి చెబితే తల ఊపి, పుస్తకాన్ని కళ్లకద్దుకుని వెళ్లేది. మా జిల్లాలోనే దూబగుంటలో 1992లో సారాకు ఎదురు నిలిచిన స్త్రీలు, ఆ వెంటనే రోజుకో రూపాయి చొప్పున పొదుపు సంఘాలు కట్టుకోవడం నేను చూశాను. వారికి ఎవరూ రుత్‌వెల్ పేరు చెప్పలేదు, చెప్పవలసిన అవసరమూ లేదు. పోపుల డబ్బాలో దాచిన డబ్బు భర్త చేతికి చిక్కకుండా ఉండే చోటు ఒకటి కావాలని వారికి వారే తెలుసుకున్నారు. పోస్టాఫీసు సంగతి వేరు. దానికి ఇక్కడి నుంచి నేరుగా దారి ఉంది. బ్రిటన్‌లో ఈ పొదుపు బ్యాంకులు పెరిగి, 1861లో పోస్టాఫీసు సేవింగ్స్ బ్యాంకు వచ్చింది. ఆ నమూనాతోనే 1882లో మన దేశంలో వచ్చింది. నేను ముద్ర వేసిన ప్రతి పాసుబుక్కూ ఆ వరుసలోదే.

బ్యాంకు సంగతి తెలిసి ఎక్కడెక్కడి నుంచో ఉత్తరాలు వచ్చిపడ్డాయి. 1840కి ముందు ఉత్తరం ఖర్చును అందుకున్నవారే చెల్లించాలి. అంటే సలహా అడిగినవారి తపాలా ఖర్చు కూడా ఈ పల్లె పాస్టరుగారి జేబులోంచే పోయింది. 1819లో స్కాట్లండు పొదుపు బ్యాంకులకు చట్టరక్షణ కల్పించడం కోసం ఆయన లండన్ వెళ్లి, పార్లమెంటు సభ్యులను కలిసి ఒప్పించి, చట్టం చేయించుకుని తిరిగి వచ్చారు. ఆ బ్యాంకు వల్ల తాను ఏమీ సంపాదించుకోలేదు.

నాల్గవ రోజు: రుత్‌వెల్ చర్చి

ఊరికి కొంచెం ఎడంగా, చెట్ల మధ్య చర్చి ఉంది. లోపలికి అడుగుపెట్టగానే నేల ఒకచోట గుంటలా దిగిపోయి, ఆ గుంటలోంచి దాదాపు పద్దెనిమిది అడుగుల రాతి సిలువ పైకప్పు వైపు లేచి ఉంటుంది. ఇది ఎనిమిదో శతాబ్దం నాటిది. వెడల్పైన ముఖాల మీద క్రీస్తు పాదాలు కడుగుతున్న స్త్రీ, ఐగుప్తుకు ప్రయాణం వంటి దృశ్యాలు. సన్నని పక్కల మీద ద్రాక్షతీగ, దాని పళ్లు కొరుకుతున్న పక్షులూ జంతువులూ. ఆ తీగ అంచుల వెంట రూనిక్ అనే ప్రాచీన ఉత్తర ఐరోపా లిపిలో సిలువ స్వయంగా మాట్లాడుతున్నట్లున్న పద్యపంక్తులు చెక్కారు.

1640లో స్కాట్లండు చర్చి అత్యున్నత సభ అయిన జనరల్ అసెంబ్లీ ఇటువంటి వాటిని విగ్రహాలుగా ఎంచి తీసివేయమని ఆజ్ఞాపించింది. 1642లో దీనిని పడగొట్టి ముక్కలు చేశారు. ఆ ముక్కలు చాలాకాలం చర్చి లోపలే పడి ఉండి, తరువాత సమాధుల దొడ్డిలోకి చేరాయి. డంకన్ 1802లో వాటిని వాన నుంచి, పిల్లల రాళ్ల నుంచి కాపాడడానికి తన ఇంటి తోటలోకి తెప్పించుకున్నారు. ఒక సమాధి తవ్వుతుండగా ఇంకో ముక్క దొరికింది. అన్నీ కూర్చి 1823లో తోటలో నిలబెట్టారు. అడ్డపట్టె దొరకలేదు. ఊరి తాపీ మేస్త్రీ చేత కొత్తది చెక్కించి అమర్చారు. పైరాయి ముందు వెనుకలు తారుమారయ్యాయని తరువాతి పండితులు గుర్తించారు. అది నిజమే, చూస్తే తెలుస్తుంది. కానీ ఆయన చేయకపోయి ఉంటే తారుమారు అయ్యేందుకు కూడా ఏమీ మిగిలేది కాదు.

ఇంకొక సంగతి నన్ను ఎక్కువగా కదిలించింది. ఆ రూనిక్ పంక్తుల అర్థం డంకన్‌కు తెలియదు. తెలియకపోయినా ఒక్కొక్క గీతా చూసి బొమ్మ గీయించి, వర్ణన రాసి ప్రచురించారు. 1840లో ప్రాచీన ఆంగ్ల పండితుడు జాన్ కెంబుల్ వాటిని చదివి, అది ప్రాచీన ఆంగ్ల పద్యమని తేల్చారు. తన చర్చి పూర్వులు విగ్రహమని పగలగొట్టిన దాన్ని అదే చర్చి కాపరి ఇరవై ఏళ్లపాటు ముక్కముక్కగా పోగుచేశారు. దానికి ఆయనను ఎవరైనా తప్పుపట్టి ఉంటారా అని అమ్మాయి అడిగింది. ఆయన 1839లో అదే జనరల్ అసెంబ్లీకి మాడరేటరుగా, అంటే సభాధ్యక్షుడిగా, ఎన్నికయ్యారని మాత్రం చెప్పగలిగాను. వెస్టిండీస్ బానిసత్వాన్ని రద్దు చేయాలని 1830లో ఉత్తరాల రూపంలో వాదించిన మనిషి కూడా ఆయనే.

మధ్యాహ్నం సముద్రపాయ ఒడ్డున బ్రౌ అనే ఊటకు వెళ్లాము. ఇనుపరుచి నీళ్లు. కవి రాబర్ట్ బర్న్స్ 1796 జూలైలో చివరి రోజుల్లో ఈ నీళ్లు తాగడానికి, సముద్రపాయ చలినీటిలో నిలబడడానికి వచ్చి, డంఫ్రీస్‌కు తిరిగివెళ్లి అదే నెల 21న కన్నుమూశారు. ఇక్కడ ఉన్నప్పుడు అప్పటి రుత్‌వెల్ పాస్టరుగారి ఇంటికి తేనీటికి వెళ్లారట. ఎండ ముఖాన పడుతోందని ఆ ఇంటి అమ్మాయి ఆగ్నెస్ క్రేగ్ తెర దించబోతే, ఆ సూర్యుడు తనకు ఇంక ఎంతోకాలం ప్రకాశించడు కనుక ఉండనివ్వమన్నారని చెప్పుకుంటారు. 1804లో డంకన్ పెళ్లి చేసుకున్నది ఆ ఆగ్నెస్‌నే. ఆటు తీసి ఉన్న వేళ. బురద మైదానం మీద దూరంగా ఇంగ్లండు కొండలు నీలంగా కనిపించాయి. నీళ్లు నాలుక మీద వేసుకుంటే మా ఊరి బోరునీళ్ల తుప్పురుచే తగిలింది.

ఐదవ రోజు: మౌంట్ కేదార్

పల్లె సంఘానికి కాపరిని నియమించే హక్కు ఆ రోజుల్లో భూస్వాములది. డంకన్‌ను రుత్‌వెల్‌కు పంపినదీ మాన్స్‌ఫీల్డ్ ప్రభువే. సంఘం వద్దన్న మనిషిని ప్రభువు బలవంతంగా రుద్దవచ్చా అన్న వివాదం పదేళ్లు నడిచి, న్యాయస్థానాలు ప్రభువుల పక్షానే తీర్పు చెప్పాయి. 1843 మే 18న ఎడింబరోలో జనరల్ అసెంబ్లీ నుంచి వందలాది కాపరులు లేచి నడిచి బయటికి వచ్చి ఫ్రీ చర్చి స్థాపించారు. దాంతో వారికి జీతం, ఇల్లు, చర్చి మాన్యం అన్నీ పోయాయి. అరవై ఎనిమిదేళ్ల డంకన్ వారిలో ఒకరు.

రుత్‌వెల్ ఇంటి చుట్టూ ఉన్న తోట ఆయన నాటినది. పొలాన్ని ఆయన సాగులోకి తెచ్చారు. నలభై నాలుగేళ్ల పని అది. వదిలి వచ్చేటప్పుడు ఆ సిలువ కూడా ఆ తోటలోనే నిలబడి ఉంది. తన చేతులతో నిలబెట్టించినదైనా అది చర్చిదే కనుక అక్కడే వదిలేశారు. అది ఆ తోటలోనే 1887 వరకు ఎండా వానలకు నిలిచి, ఆ ఏడాది దానికోసం చర్చికి కొత్తగా కట్టిన భాగంలోకి చేరింది.

పక్క చర్చి సంఘపు పరిధి (పారిష్) అయిన మౌస్‌వాల్డ్‌లో, రోడ్డు పక్కన మౌంట్ కేదార్ అనే చోట ఫ్రీ చర్చికి కొత్త గుడి, కాపరికి కొత్త ఇల్లు కట్టుకున్నారు. కేదారు పేరు తెలుగు బైబిలులో కీర్తనల్లో గుడారాలతో కలిసి వస్తుంది. మేము వెళ్లేసరికి సన్నని చినుకు పడుతోంది. పసుపు గోర్స్ పొదల మధ్య డంకన్ స్మారక స్తంభం నిలిచి ఉంది. బండి ఆపుకునే చోటు కూడా సరిగా లేదు. అమ్మాయి బండిలోనే ఉండి, నేను ఒక్కడినే గడ్డి దాటి వెళ్లాను.

కొత్త ఇంట్లో ఆయన ఉన్నది మూడేళ్లలోపే. 1846 ఫిబ్రవరిలో ఒక సంఘపెద్ద ఇంట్లో చిన్న ప్రార్థన కూడిక నడిపిస్తుండగా పక్షవాతం వచ్చి పడిపోయి, తరువాత కొద్ది రోజులకే కన్నుమూశారు. అంటే పడిపోయిన రోజు కూడా ఆయన ఒక కాపరి వెళ్లవలసిన చోటికే వెళ్లారు.

స్తంభం అడుగున రాళ్ల సందుల్లో నాచు పట్టి ఉంది. అక్షరాలు కొన్ని వేలితో తడిమితే తప్ప తెలియడం లేదు. నేను ఒక్కొక్కటే తడిమి, పేరు పూర్తిగా చదివి, బండి దగ్గరికి తిరిగి వచ్చాను.